నోరులేని నొప్పులు

తలనొప్పి వస్తే మనం ఇల్లు పీకి పందిరేస్తాం. పిల్లలకు చీవాట్లు, ఆయనగారికి చల్లారిన కాఫీ! మరి గుర్రానికి కాలు నొస్తే? కుక్కకు నడుం పట్టేస్తే? పాపం, ఓ మూల ముడుచుకుని పడుకుంటాయి. అంతే.

మా ఎల్లారెడ్డి వైపు ఎద్దు కాలు వాస్తే పసుపూ సున్నమూ కలిపి పట్టు వేసేవారు. ఇటుకరాయి వేడిచేసి కాపడం పెట్టేవారు. అదీ కుదరకపోతే కర్రు కాల్చి వాతలే! "నోరులేని జీవం బిడ్డా, దాని గోస ఎవరికెరుక" అనేది మా నాయనమ్మ. మంచి మందు కావాలంటే కామారెడ్డి బస్సెక్కాల్సిందే.

అసలీ నొప్పి మందుల కథ ఓ చెట్టు బెరడుతో మొదలైందంటే నమ్ముతారా? 1763లో ఎడ్వర్డ్ స్టోన్ అనే ఇంగ్లీషు మతగురువు విల్లో చెట్టు బెరడు పొడికొట్టి జ్వరం వచ్చినవాళ్ళకిచ్చి, గుణం కనిపించిందని లండన్ రాయల్ సొసైటీకి జాబు రాశాడు. ఆ దారిలోనే 1899లో జర్మనీలోని బేయర్ కంపెనీ ఆస్పిరిన్‌ను బజారుకు తెచ్చింది. అది ఒంట్లో ఏంచేస్తుందో మాత్రం 1971 దాకా తేలలేదు. దెబ్బ తగిలినచోట ప్రోస్టాగ్లాండిన్లనే పదార్థాలు పుట్టి వాపూ నొప్పీ తెస్తాయనీ, ఈ మందు వాటిని పుట్టనివ్వదనీ జాన్ వేన్ కనిపెట్టాడు. 1982లో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చింది. చిక్కేమిటంటే, కడుపులోని పొరనూ, మూత్రపిండాలనూ కాపాడేవీ ఆ పదార్థాలే!

1949లో మనుషుల కీళ్ళనొప్పులకని ఫినైల్‌బ్యూటజోన్ వచ్చింది. రక్తాన్ని చెడగొడుతోందని తర్వాత మనకు చాలావరకు మాన్పించారు. గుర్రాలకు మాత్రం మిగిలిపోయింది. 1968లో అమెరికాలో కెంటకీ డెర్బీ గెలిచిన డాన్సర్స్ ఇమేజ్ అనే గుర్రం ఒంట్లో ఈ మందు జాడ కనిపించిందని దాని గెలుపు కాస్తా కొట్టేశారు. కార్ప్రొఫెన్ కథా అలాంటిదే. ముందు మనుషులది, తర్వాత కుక్కలది. మనం కట్టి విడిచిన చీర వేరేవాళ్ళకు బాగా నప్పినట్టన్నమాట.

కానీ ఒకరికి నప్పింది అందరికీ నప్పదు కదా! 1990లలో మనదేశంలో పశువులకు డైక్లోఫెనాక్ ఇవ్వడం మొదలైంది. వాపు తగ్గేది, ఎద్దు లేచి నడిచేది, రైతు సంబరపడేవాడు. ఆ మందు తీసుకున్న పశువు కొద్దిరోజుల్లోనే చచ్చిపోతే, కళేబరాన్ని తిన్న రాబందుల మూత్రపిండాలు పాడయ్యేవి. గుంపులు గుంపులుగా రాలిపోయాయి. కారణం ఈ మందేనని 2004లో తేలింది. ఆనాటికి వీపు తెల్లగా ఉండే రాబందుల్లో నూటికి తొంభైతొమ్మిదికి పైగా పోయాయి. 2006లో ప్రభుత్వం పశువులకు ఆ మందు నిషేధించింది. దాని బదులు మెలాక్సికామ్ వాడితే పశువుకూ ఊరట, రాబందుకూ ముప్పులేదు.

పోతే పోయాయిలే, పాడు పక్షులు అంటారా? కళేబరాలు తినేవాళ్ళు లేక ఊరకుక్కలు పెరిగాయి. వాటితో పిచ్చికుక్క కాటు భయం మన వాకిలిదాకా వచ్చింది. జటాయువు రాముడొచ్చేదాకా ప్రాణం ఉగ్గబట్టుకుంది. వీటికి ఆ వ్యవధి కూడా లేకపోయింది. 2013లో బెజ్జూరు అడవిలో పాలరాపు గుట్ట మీద రాబందులు గూళ్ళు కట్టుకున్నాయని తెలిసినప్పుడు, చెప్పొద్దూ, చుట్టాలు బతికి బట్టకట్టారన్నంత సంతోషం కలిగింది నాకు.

అన్నట్టు, మీ ఇంటి కుక్క కుంటుతుంటే జాలిపడి మీ డబ్బాలోని బ్రూఫెన్ బిళ్ళ మాత్రం వేయకండి. దాని కడుపు పుండవుతుంది, మూత్రపిండాలు చెడతాయి. పిల్లికైతే ఒక్క పారాసిటమాల్ బిళ్ళే ప్రాణం మీదికి తేవచ్చు. పశువుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళండి. నోరులేనిది, "ఇది నాకు పడలేద"ని చెప్పలేదు కదా!