నాలుగున్నర ఎకరాలు, ఒక సంతకం

నాన్న పోయి సంవత్సరీకం కూడా అయిపోయింది. పోయిన నెల నర్మెట్ట నుంచి తమ్ముడు ఫోన్ చేశాడు. "అక్కా, ఫౌతి చేయించాలె. ఒక్కసారి వచ్చి సంతకం పెట్టిపో" అన్నాడు. దేనికి, ఏమని రాసుంటుంది అని నేనడగలేదు. "సరేరా, వస్త" అన్నాను. మాటల్లో పడి పోపు మాడిపోయింది. మళ్ళీ పెట్టుకున్నాను గానీ, ఆ సంతకం మాత్రం మనసులోంచి పోలేదు.

మా ఇంట్లో ఈ సంతకానికి చరిత్ర ఉంది. పెద్దత్త పెళ్ళి 1982లో, చిన్నత్త పెళ్ళి 1988లో. ఒకే తల్లి బిడ్డలు, కానీ చట్టం ముందు ఇద్దరూ ఒకటి కాదు. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం తండ్రి వాటాలో కూతురికి భాగం ఇచ్చింది గానీ, ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో వచ్చే హక్కును కొడుకులకే ఉంచింది. ఎన్టీ రామారావు ప్రభుత్వం దాన్ని మార్చింది. కూతుళ్ళను కొడుకులతో సమానంగా ఉమ్మడి హక్కుదారులను చేసిన మొదటి రాష్ట్రం మనదే. 1986లో వచ్చిన ఆ సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచే అమలైనట్టు లెక్క. అయితే అందులో ఒక మెలిక పెట్టారు. ఆ తేదీకి ముందే పెళ్ళయిన ఆడపిల్లకు అది వర్తించదు. అంటే చిన్నత్తకు ఉంది, పెద్దత్తకు లేదు! మూడు ముళ్ళు పడిన తేదీని బట్టి హక్కు మారడం నాకైతే ఇప్పటికీ మింగుడుపడదు.

2005 సెప్టెంబరు 9న వచ్చిన కేంద్ర సవరణతో ఆ పెళ్ళి షరతు పోయింది. ఆ తేదీ నాటికి తండ్రి బతికి ఉండాలా అన్న గొడవ ఇంకో పదిహేనేళ్ళు నడిచింది. అక్కర్లేదని, కూతురి హక్కు పుట్టుకతోనే వస్తుందని 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఈలోగా మా అత్తలిద్దరూ విడుదల పత్రాలు రాసిచ్చేశారు. పండక్కి పిలిచి చీర పెడితే చాలన్నారు.

మా జిల్లాలోనే పాలకుర్తి ఉంది. అక్కడి చాకలి ఐలమ్మ కథ మనలో తెలియనివాళ్ళుండరు. కానీ అది ముందుగా ఒక భూమి తగాదా అన్న సంగతి మరిచిపోతాం. ఆమె మల్లంపల్లి దొర కొండల్‌రావు దగ్గర భూమి కౌలుకు తీసుకుంది. అందులో నాలుగెకరాలు సాగు చేసుకుంటుంటే, అది నాదేనని విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డి కోర్టుకెక్కాడు. తీర్పు ఐలమ్మకే వచ్చింది. అయినా పంట కోసుకుపోవడానికి అతని మనుషులు వచ్చారు. సంఘం వాళ్ళు అడ్డం నిలబడి ధాన్యాన్ని ఆమె ఇంటికి చేర్చారు. కాగితం ఆమె పక్షాన ఉన్నా, గింజ ఇంటికి చేరడానికి ఊరు కదలాల్సి వచ్చింది. ఆ ఐలమ్మ చనిపోయింది 1985 సెప్టెంబరు 10న. కూతుళ్ళకు హక్కు మొదలైన తేదీకి సరిగ్గా ఐదు రోజులకు.

ఇక మా భూమి సంగతి. తాతల నాటి ఉమ్మడి భూమి నాలుగున్నర ఎకరాలు, అంటే 180 గుంటలు. తెలిసిన వకీలుతో లెక్క వేయించాను. ముందు నాన్నకు, నాకు, తమ్ముడికి మూడు సమాన పాళ్ళు, తలా 60. తరవాత నాన్న పాలును అమ్మతో కలిపి ముగ్గురికీ పంచాలి, తలా 20. అలా నాకు 80, తమ్ముడికి 80, అమ్మకు 20.

ఆ చివరి అంకె చూసి రెండోసారి లెక్కేయమన్నాను. నలభై ఏళ్ళకు పైగా అదే చేనులో నాట్లేసి, కలుపు తీసి, పత్తి ఏరిన మనిషికి అరెకరం! ఉమ్మడి ఆస్తిలో పుట్టినవాళ్ళకే హక్కు, కోడలిగా వచ్చినవాళ్ళకు భర్త వాటాలోంచి రావలసిందే. కూతుళ్ళ కోసం ఇన్ని సవరణలు చేశారు, అమ్మల సంగతి ఎవరికీ తట్టలేదేమో.

అమ్మకు చెబితే, "నాకెందుకు బిడ్డా, మీరిద్దరు మాట్లాడుకోకుంట కాకుండ్రి, గంతే" అంది.

ఆదివారం నర్మెట్ట పోతున్నాను. నా 80 గుంటల్లో 40 అమ్మ పేర రాయిస్తాను. తమ్ముణ్ణి కూడా అంతే రాయమని అడగాలి. వాడికి ఈ మాట ఇంకా చెప్పలేదు.