క్యాబేజీ జాడీ, కొమ్ముల కుండ

మొన్న ఫిబ్రవరిలో, అరకులో నేను అద్దెకున్న ఇంట్లో జర్మన్ వంట ఒకటి చేశాను. మూడు వారాల ముందు సంతలో క్యాబేజీ కొని సన్నగా తరిగాను. కిలోకి 20 గ్రాముల లెక్కన ఉప్పు వేసి, నీరూరేదాకా చేత్తో పిసికి, ఆ నీళ్ళలోనే మునిగేలా జాడీలో అదిమి పైన బరువు పెట్టాను. దీన్నే జర్మన్లు సావర్‌క్రౌట్ అంటారు, పుల్లటి ఆకుకూర అని అర్థం. ఆ రోజు మూత తీయగానే ఇంటావిడ గుమ్మంలోంచి నవ్వింది. ఆమె కొండదొర స్త్రీ.

“మా కొమ్ముల వాసనే గదేటమ్మా ఇది!”

ఆమె పొరబడలేదు. వానాకాలంలో నేల చీల్చుకొచ్చే లేత వెదురు కొమ్ముల్ని తరిగి, కుండలో అదిమి పులియబెడుతుందామె. కొన్ని ఎండబెట్టి దాస్తుంది. ఒడిశా వైపు దాన్ని హెందువా అంటారు. పచ్చి కొమ్ముల్లో సైనైడ్‌గా మారే పదార్థం ఉంటుంది. తరగడం, నానబెట్టడం, ఉడికించడం, పులియబెట్టడం వల్ల అది తగ్గుతుంది. జాడీలోనూ కుండలోనూ పనిచేసేది లాక్టిక్ ఆమ్ల బాక్టీరియాయే. బాక్టీరియా పేరు పుట్టక ముందే ఈ శాస్త్రం ఆడవాళ్ళ చేతుల్లో ఉంది.

ఈ కొండల్లో జర్మన్ వంట ఎందుకని మీరడగొచ్చు. నా పరిశోధన ఈ ప్రాంతపు జర్మన్ మిషన్ గురించి. ఉత్తర జర్మనీలోని బ్రెక్లుమ్ అనే ఊళ్ళో 1876లో క్రిస్టియన్ యెన్సెన్ స్థాపించిన మిషన్ 1882లో తన మనుషుల్ని ఇక్కడికి పంపింది. కొండల అంచున సాలూరు, ఘాట్ ఎక్కితే కొరాపుట్, జయపురం దాని కేంద్రాలయ్యాయి. మొదటి ప్రపంచయుద్ధంలో బ్రిటిష్ ప్రభుత్వం జర్మన్ మిషనరీలను శత్రుదేశస్థులుగా నిర్బంధించి వెనక్కి పంపేసింది. 1928లో జయపురం ఎవాంజెలికల్ లూథరన్ చర్చి ఏర్పడింది. తేదీలతో, కట్టడాలతో నడిచే ఈ చరిత్రలోకి వంటగది గుండా వెళ్దామనుకున్నాను.

వెళితే అక్కడ కనిపించింది అవమానపు చరిత్ర కూడా. 1768లో కెప్టెన్ కుక్ స్కర్వీ జబ్బుకి విరుగుడుగా సావర్‌క్రౌట్‌ను ఓడకెక్కించాడు. ఆ పేరు చరిత్రకెక్కింది, ఇళ్ళల్లో తరతరాలుగా క్యాబేజీ ఊరేసిన ఆడవాళ్ళ పేర్లు ఎక్కలేదు. ప్రపంచయుద్ధాల కాలంలో ‘క్రౌట్’ అన్నది జర్మన్లను తిట్టే మాటయింది. 1918లో అమెరికాలో దాన్ని ‘లిబర్టీ క్యాబేజీ’గా పేరు మార్చి అమ్మారు. అంటే మనిషి మీది ద్వేషాన్ని ముందు మనిషి తిండి మీద చూపిస్తారు. ఆ తిట్టు పాతబడిపోయింది. అదే క్యాబేజీ ఇప్పుడు ‘ప్రోబయోటిక్’ పేరుతో నగరాల్లో గౌరవంగా అమ్ముడవుతోంది.

కొమ్ముల కుండకి ఆ గౌరవం రాలేదు. అరకు కాఫీకి 2017లో పారిస్‌లో దుకాణం తెరిచారు, 2019లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. కాఫీ ఎగుమతయ్యే పంట. కొమ్ములు మాత్రం ఆడవాళ్ళు అడవి నుంచి తెచ్చి, తిండిగింజలు నిండుకునే వానాకాలంలో ఇంటిల్లిపాదికీ పెట్టే తిండి. ఇంటావిడ కూతురు పట్నంలో హాస్టల్లో ఉండి ఎనిమిదో తరగతి చదువుతోంది. ఒకసారి తల్లి కట్టిచ్చిన ఎండు కొమ్ముల్ని చూసి తోటిపిల్లలు ముక్కు మూసుకున్నారట. మళ్ళీ ఆ పిల్ల వాటిని తీసుకెళ్ళలేదు. “వాసనేస్తాది, వద్దే అమ్మా” అందట.

ఆ మధ్యాహ్నం జాడీలోది ఉల్లిపాయతో మగ్గబెట్టాను. విశాఖలో కొన్న సాసేజ్‌లని మరగని వేడినీళ్ళలో ఉంచాను, మరిగితే తోలు పగులుతుంది. సంతలో దొరికిన పచ్చి బఠాణీ, లేత క్యారెట్, చిన్న బంగాళాదుంపలు ఉడికించి వెన్న కలిపాను. చలికి ముందు పందిని కోసి కూరిన మాంసం, చలంతా కాపాడిన జాడీ, వసంతంలో వచ్చిన తొలి కూరగాయలు: చలిదేశపు ఇల్లాలి ఏడాది శ్రమ ఆ కంచంలో ఉంది. ఇంటావిడ తన ఏడాదిని కూడా తెచ్చి పక్కన పెట్టింది, కొమ్ముల కూర.

శివరాత్రి సెలవులకొచ్చిన కూతురు మాతోపాటు కూచుంది. “జర్మనీ కూరా?” అని అడిగి సావర్‌క్రౌట్ రెండుసార్లు వేయించుకుంది. కొమ్ముల కూర ముట్టలేదు. తల్లి చూసింది. ఏమీ అనలేదు. లేచి కుండ మీద మూత సర్దింది.