యలక వేణుగోపాలరావు: బ్యాట్ నుంచి మైకుకు, మైకు నుంచి డగౌట్‌కు

యలక వేణుగోపాలరావు (జననం: 1982 ఫిబ్రవరి 26, విశాఖపట్నం) భారత మాజీ క్రికెటర్, తెలుగు వ్యాఖ్యాత, జట్టు నిర్వాహకుడు. ఉత్తరాంధ్ర నుంచి మైకు ముందుకు వెళ్లిన మాజీ ఆటగాళ్లలో అతను మొదటివాడు కాదు. 1936లో ఇంగ్లండ్‌లో భారత జట్టుకు కెప్టెన్‌గా ఉన్న విజయనగరం రాజకుటుంబీకుడు 'విజ్జీ' 1959లో బీబీసీ రేడియోకు అతిథి వ్యాఖ్యాతగా పనిచేశాడు. అయితే అది ఇంగ్లిష్ వ్యాఖ్యానం, పైగా హోదాతో అందిన అవకాశం. వేణుగోపాలరావు ఆటతో సంపాదించుకున్నాడు, తన భాషలో మాట్లాడాడు.

2000లో అండర్-19 ప్రపంచకప్ గెలిచిన భారత జట్టులో అతనున్నాడు. ఆ తర్వాత నాలుగేళ్లకు దులీప్ ట్రోఫీలో ఆడిన ఇన్నింగ్స్ అతని పేరును దేశమంతా వినిపించింది. 2004 ఫిబ్రవరిలో గుర్గావ్‌లో ఇంగ్లండ్-ఏ జట్టు, అతను ఆడుతున్న దక్షిణ మండలం ముందు 501 పరుగుల లక్ష్యం పెట్టింది. ప్రత్యర్థి జట్టులో కెవిన్ పీటర్సన్ రెండు ఇన్నింగ్స్‌లోనూ సెంచరీలు కొట్టాడు. నాలుగో ఇన్నింగ్స్‌లో అంత స్కోరు ఛేదించడం మామూలుగా ఎవరూ తలపెట్టని పని. వేణుగోపాలరావు 228 పరుగులతో అజేయంగా నిలిచి మ్యాచ్ గెలిపించాడు. ఆంధ్ర బ్యాటర్లు ఆడిన గొప్ప ఇన్నింగ్స్ లెక్కపెడితే దీన్ని వదిలేయడం కుదరదు.

2005 జూలై 30న దంబుల్లాలో శ్రీలంకపై వన్డేల్లో అడుగుపెట్టాడు. అదే రోజు సురేశ్ రైనా కూడా తొలి మ్యాచ్ ఆడాడు. వేణుగోపాలరావు అంతర్జాతీయ ప్రయాణం మాత్రం 2006 మే నాటికే, 16 వన్డేలతో ఆగిపోయింది. అబుదాబిలో పాకిస్థాన్‌పై చేసిన 61 నాటౌట్ అత్యధిక స్కోరు. అతని ప్రతిభకు అందిన అవకాశాలు తక్కువే. ఐపీఎల్‌లో 2009 టైటిల్ గెలిచిన డెక్కన్ ఛార్జర్స్‌కూ, ఆ తర్వాత ఢిల్లీ, హైదరాబాద్ జట్లకూ ఆడాడు. 2019 జూలైలో రిటైరయ్యాడు.

ఆ సమయానికి తెలుగు ప్రసారాలు ఊపందుకున్నాయి. 2018లో ఐపీఎల్ తెలుగు వ్యాఖ్యానంతో వచ్చింది. అదే ఏడాది డిసెంబరులో స్టార్ స్పోర్ట్స్ తెలుగు ఛానల్ మొదలైంది. వెంకటపతిరాజు, ఎమ్మెస్కే ప్రసాద్ వంటి మాజీలతో పాటు వేణుగోపాలరావు కూడా ఆ బృందంలో స్థిరపడ్డాడు. ఏళ్ల తరబడి రంజీ ఆడినవాడు ఫీల్డింగ్ ఎందుకు మార్చారో, బౌలర్ తర్వాతి బంతి ఎక్కడ వేస్తాడో తెలుగులో విడమరచి చెబితే, ఆట నేర్చుకుంటున్న పల్లెటూరి కుర్రాడికి అంతకు మించిన పాఠం ఉండదు.

2024 అక్టోబరులో ఢిల్లీ క్యాపిటల్స్ అతన్ని క్రికెట్ డైరెక్టర్‌గా, హేమంగ్ బదానీని ప్రధాన కోచ్‌గా నియమించింది. డైరెక్టర్ నెట్స్‌లో బ్యాటింగ్ నేర్పే కోచ్ కాదు. జట్టు కూర్పులో, వేలం వ్యూహంలో అతని మాట కీలకం. 2025 ఫిబ్రవరిలో ఆ జట్టుకు మెంటార్‌గా పీటర్సన్ వచ్చాడు. గుర్గావ్‌లో ప్రత్యర్థులుగా తలపడినవాళ్లు ఇరవై ఒక్కేళ్లకు ఒకే డగౌట్‌లో కూర్చున్నారు. ఆ సీజన్‌లో ఢిల్లీ వరుసగా నాలుగు విజయాలతో మొదలుపెట్టి, చివరికి ఐదో స్థానంలో నిలిచి ప్లేఆఫ్స్ చేరలేకపోయింది.