గండి, కట్ట, పూడిక

తెలుగులో ‘గండి’ అన్న మాట చిత్రమైనది. కొండల నడుమ నది కోసుకొని పోయిన ఇరుకు దారిని గండి అంటాము. ఎర్రమల కొండలను చీల్చుకొని పెన్న పారే చోట, కడప జిల్లాలో, వెలసిన కోటకు గండికోట అన్న పేరు అట్లా వచ్చినదే. చెరువుకట్ట తెగి నీళ్ళు పోయే చోటును కూడా గండి అనే అంటాము. మొదటి గండిని చూడడానికి జనం డబ్బులిచ్చి మరీ వెళ్తారు. రెండవ గండి మాట చెవిన పడితే అర్ధరాత్రి పార, తట్ట పట్టుకొని పరుగెత్తుతారు. నేను పుట్టి పెరిగినది బోధన్ దగ్గర, నిజాంసాగర్ కాలువ కింది పల్లెలో. అంచేత చాలాకాలం నాకు రెండవ అర్థమే తెలుసు. మొదటి అర్థం తెలిసినది 2024 సెప్టెంబరులో, అదీ అమెరికా ఎడారిలో.

అప్పుడు నేను లాస్‌వేగస్‌లో మా అక్క కొడుకు ఇంట్లో ఉన్నాను. “మామా, ఒక్క రోజుల పోయి రావచ్చు, గైడు వాళ్ళే అన్నీ చూపిస్తరు” అని యాంటిలోప్ కాన్యన్ యాత్రకు టికెట్టు కొనిపెట్టాడు. ఒక్క రోజు అన్నమాట నిజమే కాని, ఆ రోజు తెల్లవారుజామున 5 గంటలకు మొదలై రాత్రి 8 దాటాక ముగిసింది. పోను దాదాపు 440 కిలోమీటర్లు, రాను అంతే. దారిలో నెవాడా, అరిజోనా, యూటా, మళ్ళీ అరిజోనా. యూటాలో గడియారం ఒక గంట ముందుకు పోతుంది. అరిజోనా వాళ్ళు వేసవికి గడియారం మార్చరు. అదే రాష్ట్రంలో ఉన్న నవాహో ప్రజలు మారుస్తారు. అయినా కాన్యన్ దగ్గర మాత్రం అరిజోనా సమయమే పాటిస్తారు. ఫోనులో గంటలు మారుతుంటే బస్సులో అందరమూ ఒకరినొకరు టైము అడగడమే పని.

సూర్యోదయం వేళకు బస్సు వర్జిన్ నది కొండసందులోనికి దిగింది. ఇరువైపులా నిట్టనిలువు రాతిగోడలు, మధ్య రోడ్డు, పక్కన సన్నని ఏరు. అక్కడే మొదటిసారి ‘ఇది గండి’ అనుకున్నాను. ఇంత పని చేసినది ఇంత చిన్న ఏరా అని ఆశ్చర్యపోయాను కూడా. ఆ ప్రశ్నకు జవాబు మధ్యాహ్నానికి గాని దొరకలేదు.

పది గంటల వేళకు పేజ్ పట్టణం పొలిమేరలో ఒక వంతెన దాటాము. కుడివైపు అగాధమైన లోయ. ఎడమవైపు ఆ లోయకు అడ్డంగా 710 అడుగుల ఎత్తైన తెల్లని కాంక్రీటు గోడ. అది కొలరాడో నది మీది గ్లెన్ కాన్యన్ ఆనకట్ట. బస్సులో అందరూ కుడివైపు ఫోటోలు తీసుకుంటున్నారు. నేను మాత్రం ఎడమవైపే చూస్తూ కూర్చున్నాను. ఆయకట్టువాడి కన్ను ముందు కట్ట మీదికే పోతుంది గదా!

ఆ ఆనకట్ట పని 1956లో మొదలైంది. 1963 మార్చిలో నీళ్ళు నిలపడం ప్రారంభించారు. జలాశయం పూర్తిగా నిండడానికి 1980 దాకా పట్టింది. వెనుక ఉన్న సరస్సుకు పావెల్ పేరు పెట్టారు. 1869లో పడవల మీద ఈ నది పొడవునా ప్రయాణించి, గ్లెన్ కాన్యన్‌కు ఆ పేరు పెట్టిన ఒంటిచేతి సైనికుడు జాన్ వెస్లీ పావెల్ ఆయనే. ఆయన మెచ్చుకొని పేరు పెట్టిన లోయ ఆయన పేరు గల నీళ్ళలోనే మునిగిపోయింది. పేజ్ పట్టణం కూడా 1957లో ఆనకట్ట కూలీల కోసం వేసిన క్యాంపే. నవాహోల దగ్గర 24 చదరపు మైళ్ళ భూమి తీసుకొని, బదులుగా యూటాలో భూమి ఇచ్చి ఆ ఊరు కట్టారు. ‘క్యాంపు’ అన్న మాట వినగానే నాకు మా వైపు ఊళ్ళు గుర్తుకు వచ్చాయి. నిజాంసాగర్ నీళ్ళు వచ్చిన తరువాత కృష్ణా, గుంటూరు జిల్లాల నుండి వచ్చి భూములు కొని స్థిరపడిన రైతుల ఊళ్ళను బోధన్, వర్ని, కోటగిరి ప్రాంతాలలో ఈనాటికీ క్యాంపులనే పిలుస్తాము.

నిజాంసాగర్ కథ ఇంతకంటే ముందుది. బీడ్ జిల్లా బాలాఘాట్ కొండలలో పుట్టి, బీదరు, మెదకు సీమలు చుట్టి, కందకుర్తి వద్ద గోదావరిలో కలిసే మంజీర నదికి అడ్డంగా 1923లో ఆనకట్ట పని ప్రారంభమైంది. ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ పాలన. హైదరాబాదు రాజ్యపు ఇంజనీరు నవాబ్ అలీ నవాజ్ జంగ్ బహద్దూర్ ఆధ్వర్యం. 1931 నాటికి పూర్తయింది. 29.72 టీఎంసీల నీరు, 2.75 లక్షల ఎకరాల ఆయకట్టు. అవతల కొలరాడో నీళ్ళను ఏడు రాష్ట్రాలు పంచుకొని ఒప్పందం వ్రాసుకున్నది 1922 నవంబరులో, అంటే మంజీర మీద తొలి రాయి పడడానికి కొద్దిగా ముందు. ఒకరి సంగతి ఒకరికి తెలియకుండానే రెండు ఖండాలలో మనుషులు ఒకే రకమైన కల కన్నారన్నమాట. పావెల్ సరస్సు తొలి సామర్థ్యాన్ని మన కొలతలోనికి మార్చి చూశాను. సుమారు 1,170 టీఎంసీలు. దాదాపు నలభై నిజాంసాగర్లు!

తరువాత మజిలీ హార్స్‌షూ బెండ్. ఎర్రని ఇసుకలో నడిచి అంచుకు చేరితే, వెయ్యి అడుగుల కింద నది గుర్రపు లాడం ఆకారంలో వంపు తిరిగి ఉంటుంది. నీళ్ళు పచ్చగా, అద్దంలాగా ఉన్నాయి. పక్కనున్నవాళ్ళు ఆ రంగును మెచ్చుకుంటుంటే గైడు ఒక మాట అన్నాడు. స్పానిషు భాషలో కొలరాడో అంటే ఎర్రనిది అని అర్థమట. ఒండ్రుతో ఎర్రగా పారేది కాబట్టి ఆ పేరు. మరి ఆ ఎరుపు ఏమైంది? అయిదు మైళ్ళ ఎగువన కట్ట వెనుక, సరస్సు అడుగున చేరింది. ఫోటోలలో అందంగా కనబడే ఆ పచ్చదనం, నది తన సరుకు దించి ఉత్త చేతులతో వస్తున్నదనడానికి గుర్తు.

ఈ లెక్క మాకు కొత్త కాదు. నిజాంసాగర్ కట్టేటప్పుడు ఏటా 530 ఎకరా-అడుగుల పూడిక చేరుతుందని అంచనా వేశారు. తరువాత కొలిచి చూస్తే అది 8,725 ఎకరా-అడుగులు! పదహారు రెట్లు. 1970ల నాటికి జలాశయం సగానికి పైగా పూడిపోయి, 12 టీఎంసీల లోపుకు దిగింది. నీటిమట్టం పెంచి సామర్థ్యాన్ని 17.8 టీఎంసీలకు తెచ్చుకున్నారు. ఎగువన సింగూరు కట్టిన తరువాత మంజీర నీళ్ళలో హైదరాబాదు దాహానికి వాటా పోయింది. మేము పాఠశాలలో ఉన్న రోజుల్లోనే చివరి తూము కింది రైతులు కాలువ గట్టున కూర్చొని నీళ్ళ కోసం ఎదురు చూడడం నేనెరుగుదును. పావెల్ సరస్సు 1963 నుండి 2018 వరకు తన సామర్థ్యంలో 6.79 శాతం కోల్పోయిందని అమెరికా భూగర్భ శాఖ 2022లో ప్రకటించింది. ఏడాది లెక్కన చూస్తే మా నిజాంసాగర్ దానికంటే పదింతల వేగంతో పూడింది. అక్కడి కష్టం పూడిక కంటే ముందుగా కరువు రూపంలో వచ్చింది. 1922లో నీళ్ళు పంచుకున్నప్పుడు లెక్కకు తీసుకున్నవి మంచి వానలు పడిన ఏళ్ళు. 2023 ఆరంభంలో సరస్సు నాలుగో వంతు కూడా లేని స్థితికి వచ్చింది. నేను చూసినప్పుడు రాళ్ళ మీద పాత నీటిమట్టం తెల్లని చారగా నిలిచి ఉంది.

ఇక యాంటిలోప్ కాన్యన్. ఇది నవాహోల భూమి. వారి గైడు వెంట లేకుండా ఎవరూ లోపలికి పోరాదు. మాకు దారి చూపినది ఒక నవాహో అమ్మాయి. మేము దిగినది దిగువ కాన్యన్. పైన చూస్తే నేలలో ఒక పగులు, అంతే. ఇనుప మెట్లు దిగితే లోపల అలలుగా మెలికలు తిరిగిన రాతిగోడలు. ఎక్కడో పైనుండి జారిన వెలుతురు ఒక మలుపులో పసుపు, మరో మలుపులో ఎరుపు, ఇంకోచోట ఊదా. ఆ రాయి సుమారు 19 కోట్ల ఏళ్ళ కిందటి ఎడారి ఇసుకదిబ్బలు గట్టిపడగా ఏర్పడినది. దానిని కోసినది నది కాదు. ఏడాదిలో ఎప్పుడో ఒకటి రెండు గంటలు ఇసుక మోసుకొని వచ్చే మెరుపు వరదలు. ఎగువ కాన్యన్‌కు నవాహోల పేరు ‘త్సే బిఘానిలీనీ’. నీళ్ళు రాళ్ళ గుండా పారే చోటు అని అర్థం. పొద్దున వర్జిన్ ఏటి దగ్గర కలిగిన ప్రశ్నకు జవాబు ఆ పేరులోనే ఉంది. గండిని కోసేది రోజూ పారే నీరు కాదు, ఎప్పుడో వచ్చే వరద. అది మోసుకొచ్చే ఇసుకే దాని ఉలి. అదే ఇసుక కట్ట దగ్గర ఆగితే పూడిక అవుతుంది.

1997 ఆగస్టు 12న ఆ దిగువ కాన్యన్‌లోనే 11 మంది యాత్రికులు చనిపోయారు. వాళ్ళ నెత్తిన పెద్ద వాన లేదు. మైళ్ళ దూరాన ఎగువన కురిసిన గాలివాన నీరు ఆ సందులోనికి గోడలాగా వచ్చింది. ఆ తరువాతే రాతికి బిగించిన మెట్లు, వాతావరణ హెచ్చరికల ఏర్పాట్లు వచ్చాయి. ఈ సంగతి చెబుతూ ఆ అమ్మాయి పైకి చూసింది. మేమందరమూ చూశాము. ఆకాశం ఒక రిబ్బను ముక్కంత కనబడింది. ఎగువన ఎక్కడో పడిన వానకు దిగువన ఉన్నవాడు బాధ్యుడు కాడు, కాని మూల్యం వాడిదే. 2025 ఆగస్టు చివర మా వైపు వరదలు వచ్చి పోచారం ప్రాజెక్టు పొర్లినప్పుడు, కట్టకు గండి పడుతుందేమోనని కింది ఊళ్ళు భయపడుతుంటే నాకు ఆ రిబ్బను ముక్కే గుర్తుకు వచ్చింది.

బయటికి వచ్చాక ఆ అమ్మాయితో కాస్త మాట్లాడాను. వాళ్ళ అవ్వ ఇంటికి ఇప్పటికీ నల్లా లేదట. ట్రక్కులో డ్రమ్ములు పెట్టుకొని నీళ్ళు తెచ్చుకుంటారట. ఇది ఒక్క ఇంటి కథ కాదు. నవాహో దేశంలో దాదాపు మూడింట ఒక వంతు ఇళ్ళకు నీటి కొళాయి లేదు. 1864లో సైన్యం ఈ ప్రజలను వందల మైళ్ళు నడిపించి న్యూమెక్సికోలో నిర్బంధించింది. 1868లో సంధి చేసుకొని తిరిగి వచ్చారు. 1922లో నీళ్ళు పంచుకున్న బల్ల దగ్గర వారికి కుర్చీ వేయలేదు. ఆ సంధి ప్రకారం వారికి నీళ్ళు సమకూర్చే బాధ్యత ప్రభుత్వానికి లేదని 2023 జూన్‌లో అమెరికా సుప్రీంకోర్టు 5–4 ఆధిక్యంతో తీర్పు చెప్పింది. సరస్సు ఒడ్డునే ఇల్లు, ఇంట్లో డ్రమ్ము.

ఈ మాట విన్నప్పుడు నాకు మా నాయనమ్మ జ్ఞాపకం వచ్చింది. నిజాంసాగర్ కోసం దాదాపు 40 ఊళ్ళు ఖాళీ చేయించారు. అందులో ఒకటి ఆమె పుట్టిల్లు. ఎండాకాలం జలాశయం అడుగంటిందని ఎవరైనా చెబితే “మా గుడి బండలు కానొచ్చినయా?” అని అడిగేది. మేము అన్నం తినేటప్పుడు ఒక్కొక్కసారి, కోపంతో కాదు, ఊరికే అన్నట్టుగా, “మా ఊరు నీళ్ళల్ల వాయె, మీ ఊరికి నీళ్ళు వచ్చె” అనేది. ఆ అన్నం ఆ నీళ్ళదే.

నీళ్ళు వచ్చాయి కాబట్టి చెరుకు వచ్చింది. చెరుకు వచ్చింది కాబట్టి 1937లో నిజాం షుగర్ ఫ్యాక్టరీ వచ్చింది. బోధన్ పక్కన శక్కర్‌నగర్ వెలసింది. ఒకప్పుడు ఆసియాలోకెల్లా పెద్ద చక్కెర కర్మాగారాలలో ఒకటిగా దానికి పేరు. క్రషింగు కాలంలో చెరుకు బండ్ల వరుస, మొలాసిస్ వాసన, సైరను మోత — మా చిన్నతనానికి గడియారాలు అవే. 2002లో అది ప్రైవేటు భాగస్వామ్యంలోనికి పోయింది. 2015 డిసెంబరులో మూతపడింది. మంజీరను ఆపిన కట్ట ఇంకా నిలిచి ఉన్నది, దాని ఆధారంగా బ్రతికిన ఫ్యాక్టరీ మాత్రం ఎనభై ఏళ్ళు కూడా నిండకుండానే ఆగిపోయింది.

గ్లెన్ కాన్యన్ మునిగిపోయిందని అమెరికాలో ఈనాటికీ బాధపడేవారున్నారు. నీరు తగ్గినప్పుడల్లా మునిగిన లోయలు బయటపడుతుంటే, ఆనకట్టను తీసివేయమనేవారూ ఉన్నారు. వారి దుఃఖం నాకు అర్థమైంది. కాని వారి పక్షాన నిలబడడానికి నాకు నోరు రాదు. కట్ట పెట్టిన తిండి తిని, కట్ట ఇచ్చిన ఫీజులతో చదువుకొని, ఆ చదువు వల్లనే అల్లుడి వెంట విమానమెక్కినవాణ్ణి. అట్లాగని కట్టను దేవాలయమని మొక్కడానికీ మనసొప్పదు. ఏతావాతా నాకు తోచినది ఇది. నీటిని ఆపడం ఒక అప్పు. ఆ అప్పును మునిగిన ఊరు ముందే తీరుస్తుంది; పూడిక రూపంలో వడ్డీ మనుమలు కడతారు. మధ్యలో ఉన్న రెండు తరాలవాళ్ళము మాత్రం అది మన ఆస్తి అనుకొని బ్రతుకుతాము.

రాత్రి లాస్‌వేగస్ చేరేసరికి బూట్ల నిండా ఎర్రని ఇసుక. దులపబోతే అల్లుడు “బయట దులుపు మామా, పైపుల పడితే జామైతది” అన్నాడు. నవ్వు వచ్చింది. నలభై నిజాంసాగర్లు కట్టినవాళ్ళ ఊరిలో కూడా చివరి చింత పూడికే!

మీరూ ఏదో ఒక కాలువ కిందివారే అయి ఉంటారు. కాకపోతే ఏదో ఒక నల్లా కిందివారు. ఆ నీళ్ళు ఎవరి పుట్టింటి మీదుగా వస్తున్నాయో మీ ఇంట్లో పెద్దవాళ్ళు ఉంటే ఈ వారమే అడిగి చూడండి. మా నాయనమ్మను నేను ఊరి పేరు ఒక్కటే అడిగాను. ఆ ఊళ్ళో వాళ్ళ వాకిలి ఎటువైపు ఉండేదో అడగనే లేదు.