కత్తికో నంబరు, కాసుకో నంబరు

పీసీలో స్కైరిమ్ ఆడేవాళ్లకు కీబోర్డు మీద ఎస్కేప్ కింద ఉండే మీట సంగతి బాగా తెలుసు. అది నొక్కగానే ఆట ఎక్కడిదక్కడ ఆగిపోతుంది. తెర అడుగున టైపు చేయడానికి చోటు కనిపిస్తుంది. అక్కడ ‘ప్లేయర్.యాడ్‌ఐటెమ్ 000139బీ9 1’ అని కొట్టి ఎంటర్ నొక్కితే డేడ్రిక్ ఖడ్గం వచ్చి సంచిలో పడుతుంది. అదే ఖడ్గాన్ని ఆటలో కష్టపడి చేసుకోవాలంటే కమ్మరి నైపుణ్యం 90కి చేరాలి, ఎబొనీ కడ్డీలు కావాలి, వాటికి తోడు డేడ్రా గుండెకాయ ఒకటి సంపాదించాలి. ఆ నంబరు, అంటే ఐడీ, తెలిసినవాడికి ఇవేమీ అక్కర్లేదు.

నిజానికి ఈ ఐడీలు ఆడేవాళ్ల కోసం పుట్టినవి కావు. ఆట తయారుచేసేవాళ్లు తమ సరంజామా లెక్క చూసుకోవడానికి రాసుకున్న చిట్టాలోని నంబర్లవి. ఆ చిట్టా వయసు చాలామంది అనుకునేదానికంటే ఎక్కువ.

తెర మీద బొమ్మలు లేకుండా, ఒట్టి అక్షరాలతోనే ఆటలు నడిచిన కాలం ఒకటుంది. ఇంగ్లండులోని ఎసెక్స్ విశ్వవిద్యాలయంలో 1978లో రాయ్ ట్రబ్‌షా మొదలుపెట్టగా రిచర్డ్ బార్టిల్ కొనసాగించిన ‘మడ్’ వాటిలో ఒకటి. నలుగురూ ఒకేసారి ఒకే లోకంలో తిరిగే ఆట అది. ఆ దారిలోనే 1991లో కోపెన్‌హేగెన్ విశ్వవిద్యాలయం కంప్యూటర్ సైన్స్ విద్యార్థులు ఐదుగురు ‘డికుమడ్’ అనే ఆటను బయటపెట్టారు. అందులోని ప్రతి గదికీ, ప్రతి జీవికీ, ప్రతి వస్తువుకూ ఒక నంబరుండేది. మిడ్‌గార్డ్ అనే ఊరి సామాను 3000తో మొదలవుతుంది. బాకు 3020, చిన్న కత్తి 3021, పొడవాటి కత్తి 3022. ఆట నడిపే పెద్దలు ‘లోడ్ ఆబ్జ్ 3022’ అని కొడితే పొడవాటి కత్తి పుట్టుకొచ్చేది. మామూలు ఆటగాడికి ఆ అధికారం లేదు.

ఇక్కడ గమనించాల్సింది నంబరు ముందు అంకెలు. మన పిన్‌కోడ్‌లో 500 చూడగానే అది హైదరాబాద్ ఉత్తరమని పోస్టాఫీసులో తెలిసిపోయినట్టు, డికుమడ్‌లో 30 చూడగానే అది మిడ్‌గార్డ్ సామానని తెలిసేది. ఒకరు ఊరు కడుతుంటే ఇంకొకరు అడవి రాస్తున్నా నంబర్లు ఢీకొనకుండా ఎవరి వంద వారికి పంచిపెట్టారు. తర్వాత ముప్ఫై ఏళ్లలో పెద్ద పెద్ద కంపెనీలు తలపట్టుకున్న చిక్కుకి కాలేజీ పిల్లలు అప్పుడే ఓ మందు కనిపెట్టారన్నమాట. వాళ్ల ఆట మీద కట్టిన ‘సర్కిల్‌మడ్’ 1993లో వచ్చింది. అందులో ‘వీనమ్ ఆబ్జ్ స్వోర్డ్’ అని అడిగితే పేరులో కత్తి ఉన్న వస్తువులన్నీ నంబర్లతో సహా వరసగా కనిపించేవి.

బొమ్మల ఆటల్లో కథ వేరేగా మొదలైంది. 1993 నాటి ‘డూమ్’లో ఆయుధాలు వేళ్ల మీద లెక్కపెట్టేటన్ని. ‘ఐడీకేఎఫ్‌ఏ’ అని కొడితే తాళంచెవులు, తుపాకులు, తూటాలు అన్నీ ఒక్కసారే చేతికొచ్చేవి. ఇంక దేనికి నంబరు? డూమ్ చేసిన ఐడీ సాఫ్ట్‌వేర్ కంపెనీయే 1996లో తెచ్చిన ‘క్వేక్’లో, ఆదేశాలు టైపు చేసే కన్సోల్ పైనుంచి జారుతూ వచ్చింది. తుపాకీ గుళ్లు కావాలంటే ‘గివ్ ఎస్ 50’, ఆరోగ్యం కావాలంటే ‘గివ్ హెచ్ 100’. సరుకు తక్కువ కాబట్టి ఒక్కో దానికి ఒక్కో అక్షరం సరిపోయింది. మన ఊళ్ల నెట్ సెంటర్లలో ఒక తరం పిల్లలు బట్టీపట్టిన ‘వైస్ సిటీ’ ఆటలోని మాటలూ ఈ బాపతువే. ‘పాంజర్’ కొడితే యుద్ధ ట్యాంకు, ‘యాస్పిరిన్’ కొడితే ఆరోగ్యం, ‘లీవ్‌మీఅలోన్’ కొడితే పోలీసుల బెడద పోవడం. వాటిని నోటుబుక్కు అట్ట వెనక రాసుకోవచ్చు. వేల వస్తువులున్న ఆట వచ్చేసరికి ఆ అట్ట చాలలేదు.

అలాంటి ఆటే 2002లో బెథెస్డా విడుదల చేసిన ‘మారోవిండ్’. అందులో ఐడీలు నంబర్లు కావు, పేర్లు. బంగారం ఐడీ ‘గోల్డ్_001’. ఆ 001 ఎందుకంటే నేల మీద కనిపించే కాసుల కుప్పలకు 005, 010, 025, 100 అని వేరే ఐడీలున్నాయి. పీసీ ఆట కొన్నవాళ్లకు కంపెనీ తన ఎడిటర్‌ను కూడా డిస్కులో పెట్టి ఇచ్చింది. అదే మలుపు. చిట్టా పుస్తకం చేతికొచ్చాక చదవకుండా ఊరుకునేవాళ్లెవరు? దాన్ని తెరిచి జనం ఐడీలు ఏరుకున్నారు, ఆటకు సొంత చేర్పులు, అంటే మోడ్లు, రాశారు. కాకపోతే ఇద్దరు తమ కొత్త కత్తికి ఒకే పేరు పెడితే, వెనక లోడ్ అయినది ముందుదాన్ని కప్పేసేది.

2006 నాటి ‘ఆబ్లివియన్’కి వచ్చేసరికి బెథెస్డా పేర్లు వదిలి నంబర్లకు మళ్లింది. ‘ఫామ్ ఐడీ’ అంటే ఎనిమిది స్థానాల హెక్సాడెసిమల్ సంఖ్య. సున్నా నుంచి తొమ్మిది దాకా అయ్యాక ఏ, బీ, సీ, డీ, ఈ, ఎఫ్ కూడా అంకెలే. ముందు రెండు స్థానాలు ఆ వస్తువు ఏ ఫైలుదో చెబుతాయి, వెనక ఆరు ఆ ఫైలులో దాని స్థానం చెబుతాయి. డికుమడ్ 30 లాంటిదే ఇదీ. తేడా ఏమిటంటే అక్కడ 30 ఎప్పటికీ 30. ఇక్కడ మాత్రం ఫైళ్లు లోడయ్యే వరసను బట్టి ముందు రెండు స్థానాలు మారిపోతాయి.

ఆటగాళ్లను ఎక్కువగా తికమకపెట్టేది ఈ రెండు స్థానాలే. బెథెస్డా తర్వాత తెచ్చిన స్కైరిమ్‌లో అసలు ఆటది 00. అప్‌డేట్ 01, ఆపై అనుబంధాలు: 2012లో వచ్చిన డాన్‌గార్డ్ మామూలుగా 02, హార్త్‌ఫైర్ 03, డ్రాగన్‌బార్న్ 04. మధ్యలో ఇంకేవైనా మోడ్లు దూరితే వాటి వెనకవాటి లెక్క జరిగిపోతుంది. అందుకే జాబితాలు తయారుచేసేవాళ్లు డాన్‌గార్డ్ సరుకు ముందు ‘ఎక్స్‌ఎక్స్’ అని రాసి వదిలేస్తారు. ఆ రెండక్షరాల చోటును ఎవరి కంప్యూటర్‌లో వాళ్లు చూసి నింపుకోవాలి. ‘ఎక్స్‌ఎక్స్’నే యథాతథంగా టైపు చేసి ‘పని చేయట్లేదు’ అని తిట్టుకునేవాళ్లకు కొదవలేదు. ఎఫ్‌ఎఫ్‌తో మొదలయ్యేవి మరో రకం. ఆటగాడు తానే మంత్రించుకున్న ఖడ్గం, తానే కాచుకున్న మందు లాంటివి. అవి ఆ సేవ్‌లో పుట్టినవి, ఆ సేవ్‌లోనే చెల్లుతాయి.

వెనక ఆరు స్థానాల్ని ఓపిగ్గా చూస్తే తయారుచేసినవాళ్ల పనితీరు బయటపడుతుంది. స్కైరిమ్‌లో స్టీల్ ఖడ్గం 13989. ఓర్కిష్ ఖడ్గం 13991, డ్వార్వెన్ 13999, ఎల్వెన్ 139ఏ1, గ్లాస్ 139ఏ9, ఎబొనీ 139బీ1, డేడ్రిక్ 139బీ9. హెక్సాలో లెక్కపెడితే ప్రతిసారీ సరిగ్గా ఎనిమిది మెట్లు. కారణం సులువు. ఒక్కో లోహానికి ఎనిమిది ఆయుధాలు: రెండు రకాల గొడ్డళ్లు, విల్లు, బాకు, రెండు చేతుల ఖడ్గం, గద, ఖడ్గం, సమ్మెట. ఎవరో కూర్చుని లోహం తర్వాత లోహం వరసగా నింపుకుంటూ పోయారు. స్టీల్‌కి విల్లు లేదు. ఆ విల్లు ఉండాల్సిన 13985లో వేటగాడి విల్లు కూర్చుంది. ఇనప ఖడ్గం మాత్రం 12ఈబీ7, వరసకు బాగా ముందు. ఇనుముతో నమూనాలు చేసి చూసుకున్నాక మిగతా లోహాలు మొదలుపెట్టి ఉంటారని ఊహించడం పెద్ద తప్పు కాదు.

బంగారం విషయంలో బెథెస్డా నిలకడ ఇంకా తమాషాగా ఉంటుంది. ఆబ్లివియన్‌లో బంగారం 0000000ఎఫ్, తాళాలు తీసే పుల్ల 0000000ఏ. 2008 ఫాలౌట్ 3లో అణుయుద్ధం అయిపోయింది, బంగారం బదులు సీసా మూతలు చెలామణీలోకి వచ్చాయి. ఐడీ మాత్రం ఎఫ్. పుల్ల బదులు తలపిన్ను వచ్చింది, అదీ ఏ. 2011 స్కైరిమ్‌లో మళ్లీ బంగారం, మళ్లీ ఎఫ్. 2023 స్టార్‌ఫీల్డ్‌లో మనుషులు నక్షత్రాల మధ్య తిరుగుతున్నా వాళ్ల క్రెడిట్లు ఎఫ్, తాళాలు తీసే డిజిపిక్ ఏ. ముందు సున్నాలు కొట్టకపోయినా నడుస్తుంది కాబట్టి ‘ప్లేయర్.యాడ్‌ఐటెమ్ ఎఫ్ 1000’ అన్నది ఒకసారి వేళ్లకు అలవాటైతే ఇన్ని ఆటల్లోనూ డబ్బే.

ఐడీ దొరికినంత మాత్రాన పని అయిపోదు. ఒక్కో వస్తువుకి నిజానికి రెండు నంబర్లుంటాయి. ‘ఇనప ఖడ్గం’ అనే జాతికి ఒకటి, అదిగో ఆ బల్ల మీద పడున్న ఆ ఫలానా ఖడ్గానికి మరొకటి. కన్సోల్ తెరిచి బల్ల మీది కత్తిని మౌస్‌తో నొక్కితే కనిపించేది రెండోది. దాన్ని యాడ్‌ఐటెమ్‌కి ఇస్తే ఏమీ రాదు. మనుషుల విషయంలో ఈ తేడా నవ్వు తెప్పిస్తుంది. స్కైరిమ్‌లో ఆటగాడి వెంట నడిచే లిడియా మూల ఐడీ 000ఏ2సీ8ఈ, ఆవిడ అసలు మనిషి ఐడీ 000ఏ2సీ94. తప్పిపోయిన లిడియాను రప్పిద్దామని మొదటి నంబరుతో ‘ప్లేస్‌ఎట్‌మీ’ కొడితే పాత లిడియా ఎక్కడో ఉండగానే కొత్త లిడియా పక్కన ప్రత్యక్షమవుతుంది. ‘పీఆర్‌ఐడీ ఏ2సీ94’ అని కొట్టి, ఆ తర్వాత ‘మూవ్‌టు ప్లేయర్’ అంటేనే పాతావిడ వస్తుంది.

ఇన్ని నంబర్లు ఎవరు గుర్తుపెట్టుకుంటారు? మారోవిండ్, ఆబ్లివియన్, స్కైరిమ్ ఉన్న ‘ఎల్డర్ స్క్రోల్స్’ వరస అభిమానులు 1995 నుంచీ నడుపుతున్న ‘యూఈఎస్‌పీ’ వెబ్‌సైటులో ఒక్కో వస్తువు పక్కనే ఐడీ ఉంటుంది. స్కైరిమ్‌లోనైతే బయటికి వెళ్లనక్కర్లేదు. ‘హెల్ప్ "డేడ్రిక్ స్వోర్డ్" 4’ అని అడిగితే కన్సోలే వెతికి బ్రాకెట్లో ఐడీ చూపిస్తుంది. మధ్యలో ఖాళీ ఉన్న పేరుకి కొటేషన్ గుర్తులు మరిచిపోకూడదు. మోడ్లు ఎన్ని ఉన్నా ముందు రెండు స్థానాలు కూడా సరిగ్గా వస్తాయి కాబట్టి ఏ జాబితా కంటే ఇదే నమ్మకమైనది.

మైన్‌క్రాఫ్ట్ సరిగ్గా ఎదురు దారిలో నడిచింది. మార్కస్ పెర్సన్ 2009లో మొదలుపెట్టినప్పుడు రాయి 1, మట్టి 3. లోకంలోని ప్రతి దిమ్మెనూ ఒక్క బైటులో దాచారు కాబట్టి 0 నుంచి 255 దాకా దిమ్మెలకే సరిపోయింది. చేత పట్టుకునే సామాను 256తో మొదలైంది. 256 ఇనప పార, 257 ఇనప గునపం, 260 ఆపిల్, 264 వజ్రం. రంగులకు విడిగా నంబర్లు ఇవ్వలేక ఉన్ని మొత్తాన్ని 35 కింద పెట్టి పక్కన తోక తగిలించారు. ఎర్ర ఉన్ని 35:14. మోడ్లు పెరిగేసరికి రెండు మోడ్లు ఒకే నంబరు మీద కూర్చోవడం, ఆటగాళ్లు ఫైళ్లు తెరిచి చేత్తో నంబర్లు మార్చుకోవడం మామూలైపోయింది. 2013లో వచ్చిన 1.7 వెర్షన్‌తో పేర్లు అడుగుపెట్టాయి. 2018 జూలైలో వచ్చిన 1.13తో నంబర్లకు పూర్తిగా చెల్లుచీటీ రాశారు. ఎర్ర ఉన్ని ఇప్పుడు ‘మైన్‌క్రాఫ్ట్:రెడ్_ఊల్’. ముందు మాట ఎవరి సరుకో చెబుతుంది, వెనకది సరుకు పేరు. ఎవరి కంప్యూటర్‌లోనైనా అదే. ఆడేవాడి వైపు నుంచి చూస్తే మైన్‌క్రాఫ్ట్ పద్ధతే మేలు. బెథెస్డా హెక్సా నంబరులో ముచ్చట ఉందిగానీ, మోడ్ వరస మారినప్పుడల్లా ఐడీ మారడం ఆటగాడికి లేనిపోని చాకిరీ.

కాబట్టి ఎక్కడైనా పాత ఐడీల జాబితా దొరికితే ముందు అది ఏ వెర్షన్‌దో చూడండి. కొత్త మైన్‌క్రాఫ్ట్‌లో 264 అడిగితే వజ్రం రాదు. ఎఫ్3, హెచ్ కలిపి నొక్కి సంచిలోని వస్తువు మీద మౌస్ పెడితే ఇప్పటి పేరు అక్కడే కనిపిస్తుంది. స్కైరిమ్‌లోనైతే కొత్త ఐడీ ఏదైనా కొట్టేముందు విడిగా ఒక సేవ్ పెట్టుకోండి.