విజయ్ అమృతరాజ్ నటించిన చలనచిత్రములు, ధారావాహికలు

విజయ్ అమృతరాజ్ (జననం: 1953 డిసెంబరు 14, మద్రాసు) భారతదేశపు ప్రముఖ టెన్నిస్ క్రీడాకారుడు. వింబుల్డన్ పోటీలలో 1973, 1981 సంవత్సరములలో క్వార్టర్ ఫైనల్ వరకు చేరుకున్నాడు. 1980వ దశకములో ఆటను విడువకుండానే ఆంగ్ల చలనచిత్రములలోను, అమెరికా టెలివిజన్ ధారావాహికలలోను నటించాడు.

చలనచిత్రములు

జాన్ గ్లెన్ దర్శకత్వములో 1983లో విడుదలైన జేమ్స్ బాండ్ చిత్రము "ఆక్టోపస్సీ"లో ఉదయపూర్‌లో బాండ్‌కు (రోజర్ మూర్) సహాయపడే బ్రిటిషు గూఢచారిగా నటించాడు. ఆ పాత్ర పేరు కూడా విజయ్. మొదట పాములవాని వేషములో కనిపిస్తాడు. ఆటోరిక్షా వెంటాడే సన్నివేశములో శత్రువులను టెన్నిస్ రాకెట్‌తో కొట్టి తరిమివేస్తాడు. కథ ముగియక మునుపే ఈ పాత్ర హత్యకు గురవుతుంది.

1985లో తమ్ముడు అశోక్ అమృతరాజ్ నిర్మించిన "నైన్ డెత్స్ ఆఫ్ ద నింజా"లో నటించాడు. లియొనార్డ్ నిమోయ్ దర్శకత్వము వహించిన "స్టార్ ట్రెక్ 4: ద వాయేజ్ హోమ్" (1986)లో ఒక అంతరిక్షనౌక కెప్టెనుగా కొద్దిసేపు కనిపిస్తాడు. శక్తి నశించిన తన నౌకకు తాత్కాలికముగా సౌరతెరచాప అమర్చే ప్రయత్నమును గూర్చి ఆ కెప్టెను వివరిస్తాడు. "ఆక్టోపస్సీ"లో వలె ఈ పాత్రకు టెన్నిస్‌తో సంబంధము లేదు.

టెలివిజన్

"ద లాస్ట్ ప్రీసింక్ట్" (1986) అను పోలీసు హాస్య ధారావాహికలో ఇతని పాత్ర పేరు శివరామన్‌భాయ్ పూంచ్‌వాలా. దక్షిణాది పేరుకు పడమటి ప్రాంతపు "భాయ్", "వాలా"లు కలిపిన ఈ పేరును బట్టి, నాటి అమెరికా రచయితలకు భారతీయుల ప్రాంతీయ భేదములపై పట్టింపు తక్కువని గ్రహించవచ్చును. "వాట్ ఎ కంట్రీ!" (1986-87)లో పౌరసత్వ పరీక్షకు చదువుకొనే పాకిస్తానీ వలసదారునిగా ముఖ్యపాత్ర ధరించాడు.

ఆటతో పాటు నటన

నటన వలన ఇతని క్రీడాజీవితము ఆగిపోలేదు. ఈ ధారావాహిక ప్రసారమైన 1987లోనే డేవిస్ కప్ జట్టుకు నాయకత్వము వహించి, సిడ్నీలో ఆస్ట్రేలియాను ఓడించి, భారతదేశమును ఫైనల్‌కు చేర్చాడు. గోథెన్‌బర్గ్‌లో జరిగిన ఆ ఫైనల్‌లో స్వీడన్ 5-0 తేడాతో గెలిచింది.

ఆట నుండి విరమించిన పిదప విజయ్ టెన్నిస్ వ్యాఖ్యాతగా టెలివిజన్ ప్రేక్షకులకు చిరపరిచితుడయ్యాడు. చిత్రనిర్మాణములో స్థిరపడినవాడు అశోక్. తెలుగులోకి కూడా అనువాదమైన తమిళ చిత్రము "జీన్స్" (1998) నిర్మాతలలో అశోక్ ఒకడు. విజయ్‌కు 1983లో పద్మశ్రీ పురస్కారము లభించింది. 2024లో అంతర్జాతీయ టెన్నిస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో స్థానము పొందాడు.