తోడా, చఖ్‌మఖ్, టోపీ, కార్తూస్

తెలుగులో జంగ్ గురించి మాట్లాడాలంటే మన లఫ్జులు రాకుండా కుదరదు. తుపాకి తుర్కీ నుంచి వచ్చిన మాట, ఫార్సీ, ఉర్దూల్లో తుఫంగ్. ఫిరంగి అంటే ఫరంగీల వస్తువు. చెకుముకిలో దాక్కున్నది తుర్కీ చఖ్‌మఖ్. బారూద్‌ని మాత్రం తెలుగువాళ్లు తమ సొంత మాటతో ‘మందు’ అన్నారు. అందులోనూ ఒక తమాషా ఉంది. దాన్ని కనిపెట్టిన చీనా వాళ్లు కూడా ‘నిప్పు మందు’ అనే పిలిచారు. ఫార్సీలో దారూ అంటే దవా, ఉర్దూలో దారూ-గోలీ అంటే తుపాకి సరంజామా. మూడు జబాన్లలోనూ దవా పేరే! బారూద్‌కి ప్రాణం శోరా, అంటే సురేకారం. దాన్ని హకీములు బాగా ఎరుగుదురు. 1248లో దమిష్క్‌లో కన్నుమూసిన ఇబ్నుల్ బైతార్ తన దవాల కితాబులో శోరాను ‘చీనా మంచు’ అని రాశాడు. అదే సదీలో షామ్ వాసి హసన్ అర్రమ్మాహ్ దాన్ని కట్టెల బూడిదతో శుద్ధి చేసే తరీఖా రాసిపెట్టాడు. శుద్ధి చేయని శోరా తేమ పీల్చుకుంటుంది, సమయానికి మందు అంటుకోదు.

సిపాహీ చేతిలోని తుపాకి తారీఖ్ అంతా ఒక్క సవాల్ చుట్టూ తిరిగింది: గొట్టంలో ఉన్న మందుకి నిప్పు అందించేదెలా? గొట్టం సదీల తరబడి పెద్దగా మారలేదు. నిప్పు తరీఖా మారింది. ఉర్దూ వాళ్లు తుపాకులకు పేర్లు కూడా దాన్నిబట్టే పెట్టారు. తోడేదార్, పత్థర్‌కలా, టోపీదార్.

తోడా అంటే శోరా నీళ్లలో నానబెట్టి ఆరబెట్టిన నూలు తాడు. మంట లేవకుండా నెమ్మదిగా రగులుతూ ఉంటుంది. గొట్టం పక్కన చిన్న ప్యాలాలో రంజకం పోస్తారు. మీట నొక్కితే తోడా కొన వంగి రంజకాన్ని తాకుతుంది, ఆ మంట చిన్న చిల్లు గుండా లోపలి మందుకి చేరుతుంది. అంతే యంత్రం. వానొస్తే తోడా ఆరిపోతుంది, మందు తడిస్తే ఇంకేమీ లేదు. 1757 ప్లాసీలో మీర్ జాఫర్ గద్దారీ సంగతి అందరికీ తెలుసు. ఆ రోజు వానకు సిరాజుద్దౌలా ఫౌజు మందు తడిసిపోయిందని, కంపెనీ వాళ్లు తమ మందు మీద తార్పాలిన్లు కప్పుకున్నారని చెప్పేవాళ్లు తక్కువ.

కొత్తలో దీన్ని చూసి నవ్వినవాళ్లూ ఉన్నారు. 1519లో బాబర్ బజౌర్ కోట మీదికి వెళ్లినప్పుడు అక్కడివాళ్లు తుఫంగ్‌ని ఎప్పుడూ చూడలేదు. చప్పుడు విని వెక్కిరించారు, చేతులతో పాడు సైగలు చేశారు. ఆ రోజు ఉస్తాద్ అలీ ఖులీ తన తుఫంగ్‌తో ఐదుగురిని పడగొట్టాడని బాబర్ స్వయంగా రాసుకున్నాడు. మరుసటి ఏడాది మన దక్కన్‌లోనే, రాయచూరు కోట ముట్టడిలో, కృష్ణదేవరాయల తరఫున కొద్దిమంది పోర్చుగీసు తుపాకివాళ్లు గోడల మీది ఆదిల్‌షాహీ సిపాహీలను ఏరి ఏరి కొట్టారు. ఆ గోడలు రాయలకి దక్కాయి. ఆరేళ్లకి పానీపట్‌లో బాబర్ బళ్లను తోలు తాళ్లతో కట్టి వాటి చాటున తుఫంగ్‌చీలను నిలబెట్టాడు. రూమ్ తరీఖా, అంటే ఉస్మానీ తుర్కుల పద్ధతి అది. వాళ్లు 1514లో చాల్దిరాన్ దగ్గర ఇరాన్ షాహ్‌ని ఓడించింది ఇలాగే.

మనం పానీపట్ దగ్గరే ఆగిపోతాం. నాకు దానికంటే ఊళ్లలో జరిగింది ముఖ్యమనిపిస్తుంది. తోడేదార్‌ని లోహార్ తన భట్టీ దగ్గరే చేయగలిగాడు. ఇనుప రేకుని కాల్చి చుట్టి గొట్టం చేయడం, వంచిన మీట ఒకటి బిగించడం, అంతే పని. మందు కలపడం, తాడు పేనడం కూడా ఊళ్లోనే. అక్బర్ బాద్‌షాహ్ గొట్టాల పనిని స్వయంగా పరిశీలించేవాడు. రేకుని మెలితిప్పి అంచు మీద అంచు వేసి అతికే పద్ధతి ఐన్-ఎ-అక్బరీలో ఉంది. తోడా లేకుండా పేలే తుపాకి మాట కూడా ఉంది. అయినా హిందుస్తాన్ 19వ సదీ దాకా తోడాని వదల్లేదు. వెనకబాటుతనం అని కొట్టిపారేయకండి. పొడవాటి గొట్టం దూరం కొట్టేది, గురి బాగుండేది. మొదటి అఫ్ఘాన్ జంగ్‌లో పఠాన్ల జెజాయిల్ గోలీ అంగ్రేజ్ తుపాకి అందనంత దూరం నుంచి వచ్చిపడేది.

పత్థర్‌కలాలో తోడా పోయి చఖ్‌మఖ్ రాయి వచ్చింది. రాయి ఉక్కు మీద కొట్టుకుని రవ్వలు రంజకంలో పడతాయి. తాలీమ్ అయిన సిపాహీ నిమిషానికి రెండు మూడు సార్లు కాల్చగలడు. చేతిలో నిప్పు తాడు లేదు కాబట్టి భుజం భుజం ఆనించి నిలబడవచ్చు. 1746లో అడయారు ఒడ్డున ఆర్కాటు నవాబు ఫౌజు దాదాపు 10,000. ఎదురుగా ఫ్రెంచివాళ్లు, వాళ్లు తయారుచేసిన దేశీ సిపాహీలు కలిపి వెయ్యికి లోపే. గెలిచింది వాళ్లే. ఆ రోజు నుంచి దక్కన్ దర్బారులన్నిటికీ ఫరంగీ కవాతు కావాల్సి వచ్చింది.

కానీ ఈ తుపాకి ఊరి లోహార్‌కి లొంగదు. దాని కమాన్‌కి సరిగ్గా పదునెక్కిన ఉక్కు కావాలి, పెళుసైతే విరుగుతుంది, మెత్తనైతే రవ్వ రాదు. టీపూ సుల్తాన్ దీన్ని అందరికంటే ముందు గ్రహించాడు. మైసూర్ రాకెట్ల గురించి చాలామంది రాశారు, నేను ఆగను. తన రాజ్యంలోనే కార్ఖానాలు పెట్టి పత్థర్‌కలాలు చేయించాడు, వాటి మీద తన మౌలూదీ సాల్ చెక్కించాడు. హైదరాబాద్ దారి వేరు. నిజామ్ అలీ ఖాన్ ఫ్రెంచి రేమండ్‌ని పెట్టుకున్నాడు. తోప్ కా సాంచా, అదే మన గన్‌ఫౌండ్రీ, ఆ జమానాదే. రేమండ్ ఫౌజు దాదాపు 14,000. అతను 1798 మార్చిలో చనిపోయాడు. అక్టోబరులో, జీతాల బకాయిల మీద సిపాహీలు తమ ఫ్రెంచి అఫ్సర్లనే పట్టుకుని ఉండగా, కంపెనీ ఫౌజు చుట్టుముట్టి అందరి దగ్గరా తుపాకులు దించేయించింది. జంగ్ లేదు.

టోపీ కథ ఒక పాదరీది. స్కాట్లాండ్‌లో అలెగ్జాండర్ ఫోర్సైత్‌కి షికారు పిచ్చి. రంజకం మెరుపు చూసి పిట్టలు ముందే ఎగిరిపోతున్నాయని దెబ్బ తగలగానే పేలే మసాలా వాడాడు. 1807లో పేటెంట్ తీసుకున్నాడు. తర్వాత ఆ మసాలాని చిన్న రాగి టోపీలో నింపారు. వానలోనూ పేలుతుంది. 1840ల నాటికి అంగ్రేజ్ ఫౌజుకి అదే. పాదరసంతో చేసే ఆ మసాలా భట్టీ దగ్గర కుదరదు. రసాయనాల కార్ఖానా కావాలి.

ఇక కార్తూస్. 1853 ఎన్‌ఫీల్డ్ రైఫిల్ గొట్టం లోపల గాడులున్నాయి. గోలీ గాడుల్లో తిరుగుతూ వెళ్తుంది కాబట్టి పాత తుపాకి కంటే ఎన్నో రెట్లు దూరం గురి తప్పదు. బిగుతు గొట్టంలోకి కాగితపు కార్తూస్ జారాలంటే చర్బీ పూయాలి, దాన్ని పళ్లతో కొరికి విప్పాలి. ఏ జంతువు చర్బీ అంటే కంపెనీ అఫ్సర్లే గట్టిగా చెప్పలేకపోయారు. 1857 ఏప్రిల్ 24న మీరట్‌లో 90 మంది సవార్లలో 85 మంది, హిందువులు, ముస్లింలు కలిసి, కార్తూస్ ముట్టం అన్నారు. నిజానికి ఆ రోజు ఇచ్చినవి పాత రకానివే! కానీ లోపల ఏముందో సిపాహీకి తెలిసే దారి లేదు. అతని తాత తన మందు తానే కలుపుకున్నవాడు.

అదే సంగతి దిల్లీలో ఇంకా ఘోరంగా బయటపడింది. మే 11న బారూద్‌ఖానాని అంగ్రేజ్ అఫ్సర్లే పేల్చేశారు. సిపాహీల చేతుల్లో టోపీదార్ తుపాకులున్నాయి, మందు ఎలాగో కలిపించారు, టోపీలు మాత్రం చేయలేకపోయారు. టోపీ లేని టోపీదార్ ఉత్త లాఠీ.

గదర్ అణిగాక తోపులు దాదాపు అన్నీ గోరాల చేతికి పోయాయి. దేశీ సిపాహీ కోసం విలాయత్‌లో కొత్త తుపాకి తయారైంది. బయటికి అచ్చం ఎన్‌ఫీల్డే, అదే కట్టె, అదే టోపీ. గొట్టం లోపల గాడులు మాత్రం లేవు. 1878లో అస్లహా ఖానూన్ వచ్చాక తుపాకి ఉంచుకోవాలన్నా, చేయాలన్నా లోహార్ లైసెన్స్ అడుక్కోవాల్సి వచ్చింది.